ఆ పాట బిడ్డుది, అదృష్టానిది కాదు

సంపాదకుల వారికి నమస్కారం.

మీ ఆదివారం అనుబంధంలో డిస్కో పాటల మీద వేసిన పెద్ద వ్యాసం చదివాను. ఫొటోలు బాగున్నాయి, ఆ పాటలో తెర మీద ఆడిన జీనత్ అమన్ బొమ్మకి సగం పేజీ ఇచ్చారు, దాని గురించి నాకేం అభ్యంతరం లేదు. అభ్యంతరమంతా రాతతోనే. 'కుర్బానీ' హిందీ సినిమాలో 'ఆప్ జైసా కోయి' పాటకి సంగీతం కల్యాణ్‌జీ ఆనంద్‌జీ అని రాశారు. కాదండీ. ఆ సినిమాకి సంగీత దర్శకులు వాళ్ళే, మిగతా పాటలు వాళ్ళు చేసినవే, కానీ మీరు హెడ్డింగుకి ఎక్కించిన ఆ ఒక్క పాట మాత్రం బిడ్డు అనే మన సంగీతకారుడు చేసింది. లండన్‌లో చేసింది. మీ వ్యాసం మొత్తం వెతికినా బిడ్డు పేరు ఒక్కసారి కూడా కనిపించలేదు.

పేరు ఒక్కటే తప్పయితే పోస్టుకార్డు ముక్కతో సరిపెట్టేవాణ్ణి. నాకు ఒళ్ళు మండింది వేరే చోట. ఆ పాట ఎలా పుట్టిందో చెప్పాల్సిన దగ్గర మీ వ్యాసకర్త "అంతా అదృష్టం" అని రాసేసి పక్కకి తప్పుకున్నారు. ఏదో పార్టీలో ఒక హీరో ఒక చిన్నపిల్ల పాట విన్నాడట, తీసుకెళ్ళి పాడించాడట, దేశమంతా ఊగిపోయిందట. ఇలా రాయడం చాలా తేలిక. కానీ ఆ పార్టీ తర్వాత స్టూడియోలో ఏం జరిగిందో, ఆ పార్టీకి పదిహేనేళ్ళ ముందు నుంచీ ఏం జరుగుతూ వచ్చిందో రాయకపోతే అది వ్యాసం ఎలా అవుతుంది? సినిమా పాట గురించి రాస్తే ట్యూను ఎవరిది, సాహిత్యం ఎవరిది, తెర మీద ఎవరు ఆడారు అన్న మూడు ముక్కలతో మనవాళ్ళు ఆగిపోతారు, రికార్డు ఎలా తయారైందన్నది ఎవరికీ పట్టదు. డిస్కో విషయంలో మాత్రం ఆ పట్టనిదే అసలు సంగతి.

నేను ఒకప్పుడు ఆర్కెస్ట్రాలో బేస్ గిటార్ వాయించేవాణ్ణి. పెళ్ళిళ్ళు, పందిళ్ళు, కాలేజీ ఫంక్షన్లు, అదే బతుకు. కాబట్టి ఈ పాటని నేను విన్నవాడిగా కాక వాయించినవాడిగా మాట్లాడుతున్నాను, కాస్త ఓపిక పట్టండి.

ముందు బిడ్డు సంగతి. ఆయన బెంగళూరులో 1945లో పుట్టిన కొడవ (కూర్గు) కుర్రాడు, పూర్తి పేరు బిడ్డు అప్పయ్య. ట్రోజన్స్ అని ఒక బ్యాండు కట్టుకుని బెంగళూరు, కలకత్తా, బొంబాయి క్లబ్బుల్లో ఇంగ్లిష్ పాటలు వాయించేవాడు. 1960ల చివర్లో, ఇంగ్లండు వెళ్ళి పాటలు చెయ్యాలన్న పిచ్చితో, జేబులో డబ్బుల్లేకపోయినా నేల దారిన దేశాలు దాటుకుంటూ వెళ్ళాడు. అక్కడ ఎర్ర తివాచీ ఏమీ పరవలేదు, పొట్టకోసం చిన్నాచితకా పనులు చేసుకుంటూనే స్టూడియోల చుట్టూ తిరిగాడు. మొదటి పెద్ద హిట్టు ఇంగ్లండులో కాదు, జపాన్‌లో వచ్చింది. టైగర్స్ అనే జపాన్ బ్యాండుకి 1969లో ఒక పాట రికార్డు చేసి ఇచ్చాడు, ఆ పాట రాసింది బీ గీస్ బ్యాండు అన్నదమ్ములు. బీ గీస్ డిస్కో రాజులు కావడానికి ఇంకా చాలా ఏళ్ళుంది, బిడ్డు డిస్కో చెయ్యడానికి కూడా ఇంకా టైముంది. ఇలాంటివి చదివినప్పుడు నాకు భలే ముచ్చటేస్తుంది.

తర్వాత కొన్నేళ్ళు సోల్ పాటలు (అమెరికా నల్లవాళ్ళ బాణీ) చేశాడు. కొన్ని ఆడాయి, చాలా ఆడలేదు. ఒక సినిమాకి సంగీతం చేశాడు, అందులో పాడించిన గాయకుడు కార్ల్ డగ్లస్, జమైకా మనిషి. ఆ పరిచయంతోనే 1974లో 'కుంగ్ ఫూ ఫైటింగ్' వచ్చింది.

ఆ కథ మీ వ్యాసకర్తకి తెలిసుంటే దాన్నీ అదృష్టం ఖాతాలోనే వేసేవారేమో. మూడు గంటలకి స్టూడియో అద్దెకి తీసుకున్నారు. చెయ్యాల్సిన పాట వేరే ఉంది, దాంతోనే రెండు గంటలకు పైగా పోయింది. రికార్డుకి రెండో వైపు కూడా ఏదో ఒకటి ఉండాలి కదా, నీ దగ్గర రాసుకున్నవేమైనా ఉన్నాయా అని బిడ్డు డగ్లస్‌ని అడిగాడు. డగ్లస్ తీసిన కాగితాల్లో ఒకటి కుంగ్ ఫూ మీద. బ్రూస్ లీ పోయి అప్పటికి ఏడాదే, ఊళ్ళలో కుర్రాళ్ళంతా గాల్లో కాళ్ళు విసురుతున్న రోజులు. బిడ్డు అప్పటికప్పుడు ట్యూను కట్టాడు. మిగిలిన ఆఖరి పది నిమిషాల్లో, రెండే టేకుల్లో కొట్టేశారు. రెండో వైపు ఎవరు వింటార్లే అన్న ధీమాతో ఆ "హూ", "హా" అరుపులు కూడా ఇష్టమొచ్చినట్టు పెట్టేశారు. తీరా రికార్డు కంపెనీ మనిషి రెండూ విని, ఇదే మొదటి వైపు ఉండాలని పట్టుబట్టాడు.

పది నిమిషాల్లో అయింది, నిజమే. కానీ ఆ పది నిమిషాల్లో తడుముకోకుండా వాయించగలిగిన మనుషులు ఆ గదిలో ఉన్నారు, ఏ వాయిద్యం ఎక్కడ రావాలో వెంటనే చెప్పగలిగిన మనిషి అద్దం వెనక కూర్చుని ఉన్నాడు. ఆయన అప్పటికి ఏళ్ళ తరబడి అదే పనిలో ఉన్నాడు. పది నిమిషాలు మీకూ ఇస్తాను, నాకూ ఇవ్వండి, ఏం వస్తుందో చూద్దాం.

ఆ రికార్డుని జనం ఎలా పట్టుకున్నారో అది ఇంకా బాగుంటుంది. విడుదలయ్యాక వారాల తరబడి రేడియోలో వెయ్యలేదు, అమ్మకాల్లేవు. డాన్సు క్లబ్బుల్లో రికార్డులు వేసేవాళ్ళు పట్టుకున్నారు దాన్ని. రాత్రి ఆడినవాళ్ళు పగలు షాపుకెళ్ళి అడగడం మొదలెట్టారు. సెప్టెంబరు 1974కల్లా బ్రిటన్‌లో నంబర్ వన్, మూడు వారాలు అక్కడే. డిసెంబరులో అమెరికాలో నంబర్ వన్, రెండు వారాలు. ప్రపంచం మొత్తం మీద కోటి కాపీలు దాటాయని లెక్క చెబుతారు. అంటే రేడియో వాళ్ళూ పత్రికల వాళ్ళూ కళ్ళు తెరవకముందే తీర్పు నేల మీద, కాళ్ళతో అయిపోయింది. డిస్కో రికార్డులన్నిటికీ దాదాపు ఇదే దారి. విమర్శకుడు సోఫాలో కూర్చుని ఇందులో ఏముందీ అంటాడు, ఉన్నది కూర్చుంటే తెలిసేది కాదు మరి.

ఇక్కడ ఒక మాట చెప్పకుండా దాటేస్తే బాగుండదు. ఆ పాటలో వచ్చే 'చైనా' బిట్టు, అదే ఆ తొమ్మిది స్వరాల ముక్క, తూర్పు దేశాల వాళ్ళని వెక్కిరించడానికి పాశ్చాత్యులు చాలా కాలంగా వాడిన సరుకు. 2011లో బ్రిటన్‌లో ఈ పాట పాడినందుకు ఒక గాయకుణ్ణి పోలీసులు అరెస్టు చేసిన సంగతి కూడా ఉంది. అరెస్టు చెయ్యడం మరీ అతి అని నాకనిపించినా, ఆ బిట్టు విని నొచ్చుకునేవాళ్ళు ఉత్తినే నొచ్చుకోవడం లేదు. పాడింది జమైకా మనిషి, చేసింది మన మనిషి, ఇద్దరూ లండన్‌లో తెల్లవాళ్ళ మధ్య నెగ్గుకురావాల్సినవాళ్ళే, అయినా ఆ సరుకే వాడారు. సరే, అది వేరే ఉత్తరానికి సరిపడా ఉంది.

1976లో టీనా చార్ల్స్ చేత పాడించిన పాట కూడా బ్రిటన్‌లో మూడు వారాలు నంబర్ వన్. ఈ మధ్యలో బిడ్డు ఆర్కెస్ట్రా అని తన పేరు మీదే వాయిద్యాల రికార్డులు తెచ్చాడు, అందులో ఒకటి 1975లో బాగా ఆడింది. అంటే 'కుర్బానీ' తీసిన హీరో ఫిరోజ్ ఖాన్ ఆయన తలుపు తట్టేనాటికి ఆయన ఎవరో కాదు, యూరప్‌లో డిస్కో రికార్డు ఎలా చెయ్యాలో తెలిసిన కొద్దిమందిలో ఒకడు.

ఇప్పుడు అసలు పాయింటు. డిస్కో ట్యూనులో ఉండదు. నమ్మకపోతే ఏదైనా డిస్కో పాటని హార్మోనియం మీద వాయించి చూడండి, మామూలు పాటే వస్తుంది, ఒక్కోసారి భజన కూడా అవుతుంది. డిస్కో ఉండేది కింద. బాస్ డ్రమ్, అంటే కాలితో కొట్టే పెద్ద డ్రమ్ము, కొలతకి నాలుగు దెబ్బలు, నాలుగూ ఒకే బరువుతో, పాట మొదలైన దగ్గర్నుంచి అయ్యేదాకా ఆగకుండా పడాలి. రెండు దెబ్బల మధ్య ఖాళీలో హై-హ్యాట్, అంటే డ్రమ్స్‌లోని జంట తాళాలు, నోరు తెరిచి "చ్చ్" అనాలి. ఫిలడెల్ఫియా డ్రమ్మర్ ఎర్ల్ యంగ్ 1973 ప్రాంతంలో ఈ పద్ధతిని రికార్డుల్లోకి తెచ్చాడు, ఆ తర్వాత అందరూ దాన్నే పట్టుకున్నారు. దాని మీద బేస్ గిటార్ కింది స్వరం, పై స్వరం మార్చి మార్చి గెంతుతుంది. పైన వయొలిన్లు, ఇత్తడి వాయిద్యాలు, వాటి పైన గొంతు. మన పాటల్లో గొంతు రాజు, మిగతావాళ్ళు పరివారం. డిస్కోలో గొంతు కూడా పరివారంలో ఒకటి.

మేం ఆర్కెస్ట్రాలో ఈ పాట వాయించడం మొదలెట్టినప్పుడు తబలా, బొంగోలతో లాగించేవాళ్ళం. తబలా వాయించేవాడు మంచి పనిమంతుడు, చెయ్యి ఊరుకోదు, నాలుగు దెబ్బలు చాలని చెబితే నలభై వేస్తాడు. వినడానికి బాగానే ఉండేది గానీ జనం కూర్చుని చప్పట్లు కొట్టేవాళ్ళు తప్ప లేచేవాళ్ళు కాదు. తర్వాత డ్రమ్స్ వాయించే కుర్రాడొకడు చేరాడు, వాడికి పెద్దగా విద్య లేదు, బీటు మాత్రం రాయిలా పట్టేవాడు. వాడూ నేనూ కలిసి కింద ఆ నాలుగు దెబ్బలూ బేసూ వదలకుండా పట్టుకున్నాం, తబలాని ఆ ఒక్క పాటకి పక్కన పెట్టాం (దానికి అలిగాడు, తర్వాత టీ తాగించాల్సి వచ్చింది). మొదటి చరణం అయ్యేలోపే కుర్చీలు ఖాళీ. పాడిన అమ్మాయి అదే, ట్యూను అదే, సాహిత్యం అదే. మీ వ్యాసకర్త ఏమంటారో గానీ మాకైతే అది అదృష్టంలా అనిపించలేదు.

ఇప్పుడు 'కుర్బానీ'కి వద్దాం. ఫిరోజ్ ఖాన్ కూడా బెంగళూరు మనిషే. లండన్‌లో ఒక విందులో ఆ చిన్నపిల్ల, నాజియా హసన్, పాట విన్నాడు, బిడ్డు దగ్గరికి పంపాడు, ఇదంతా నిజం. అయితే ఆ పిల్ల ఏదో వంటింట్లో కూనిరాగం తీస్తుంటే దొరికిన పిల్ల కాదు. కరాచీలో పుట్టింది, పాకిస్తాన్ టీవీలో పిల్లల కార్యక్రమాల్లో అప్పటికే పాడింది. మైకు కొత్త కాదు, కెమెరా కొత్త కాదు. 1965 ఏప్రిల్‌లో పుట్టింది, సినిమా 1980 జూన్‌లో వచ్చింది, లెక్క మీరే వేసుకోండి, రికార్డింగు నాటికి పదిహేను కూడా నిండాయో లేదో.

ఆ రోజుల్లో బొంబాయిలో గానీ మద్రాసులో గానీ పాట రికార్డింగంటే యాభై అరవై మంది వాద్యకారులు, గాయకులు అందరూ ఒకేసారి కూర్చుని మొదట్నుంచి చివరిదాకా ఒకే ఊపులో పాడి వాయించడం. ఎవరో ఒక్కరు తప్పు చేస్తే అందరూ మళ్ళీ మొదట్నుంచి. దాంట్లో ఒక గొప్పతనం ఉంది, ఆ వాద్యకారుల క్రమశిక్షణకి దణ్ణం పెట్టాలి. కానీ ఆ పద్ధతిలో బాస్ డ్రమ్ ఎప్పుడూ గుంపులో గోవిందయ్యే. దాన్ని విడిగా పట్టుకుని ముందుకి తెచ్చే వీలు లేదు. లండన్‌లో బిడ్డు పని చేసేది ఇరవై నాలుగు ట్రాకుల టేపు మీద. డ్రమ్స్ విడిగా, బేస్ విడిగా, గిటార్ విడిగా, గొంతు చివర్లో. ఎవరి గది వాళ్ళది. తర్వాత కూర్చుని ఏది ఎంత వినబడాలో బొటనవేలితో తేల్చుకోవడమే. 1980లో మన థియేటర్లో 'ఆప్ జైసా కోయి' మొదలవగానే సీట్ల కింద నుంచి ఏదో తన్నినట్టు అనిపించింది అందుకే. అప్పటిదాకా హిందీ పాటలో కింది శబ్దం అంత శుభ్రంగా, అంత దగ్గరగా ఎవరూ వినలేదు.

గొంతు కూడా చూడండి. నాజియాది శిక్షణ తీసుకున్న గొంతు కాదు. లతా, ఆశా పాడితే స్వరం చివర్లో ఒక మెలిక, ఒక గమకం ఉంటుంది, ఈ పిల్ల దగ్గర అవేం లేవు. సన్నగా, తిన్నగా, కాస్త ముక్కుతో పాడినట్టు ఉంటుంది. బిడ్డు దాన్ని దాచలేదు, అదే గొంతుని ఒకదాని మీద ఒకటి పరిచాడు. హెడ్‌ఫోన్ పెట్టుకుని వింటే ఒక్క నాజియా కాదు, ఇద్దరు ముగ్గురు నాజియాలు పక్కపక్కన నిలబడి పాడుతున్నట్టు ఉంటుంది. ఒక్కటిగా వింటే పలచగా ఉండే గొంతు అలా పరిస్తే పట్టులా తయారైంది. గమకాలున్న గొంతుతో ఇది కుదరదు, ఒక్కోసారి ఒక్కోలా పాడతారు కాబట్టి ఒకదాని మీద ఒకటి కూర్చోవు. అంటే ఆమెలో లోపం అనుకున్నదే ఈ పనికి సరిగ్గా కావాల్సినది. ఇది గుర్తుపట్టడానికి చెవి ఉండాలి.

పెద్దవాళ్ళకి నచ్చలేదు, మా ఇంట్లోనూ నచ్చలేదు. సంగీతం నేర్చుకున్న మా మేనమామ అయితే ఆ పాట రాగానే రేడియో కట్టేసేవాడు, పాడటం రానివాళ్ళు కూడా పాడటమేనా అని. ఆ మాటకి ఇప్పటికీ కొందరు తలూపుతారు. 1981లో ఫిల్మ్‌ఫేర్ ఉత్తమ గాయని అవార్డు నాజియాకి వచ్చింది, అప్పటికి పదిహేనేళ్ళు. లతా, ఆశా ఇద్దరూ అప్పటికే తమ పేర్లు ఇక పరిశీలించొద్దని తప్పుకున్నారు కాబట్టే వచ్చిందని అనేవాళ్ళున్నారు. వాళ్ళు బరిలో లేరన్నది నిజం. కానీ వాళ్ళు ఉన్నా ఈ పాట వాళ్ళు పాడగలిగింది కాదు, పాడితే ఇంకో పాటయ్యేది, బహుశా ఇంకా మంచి పాటే అయ్యేదేమో, డిస్కో మాత్రం అయ్యేది కాదు.

తారీఖులు కూడా ఒకసారి చూడండి, మీ వ్యాసంలో వీటి ఊసే లేదు. 1979 జూలై 12న చికాగోలో కోమిస్కీ పార్క్ బేస్‌బాల్ మైదానంలో డిస్కో రికార్డు ఒకటి తెస్తే 98 సెంట్లకే టికెట్ అని ప్రకటించారు, తెచ్చిన రికార్డులన్నీ రెండు ఆటల మధ్య మైదానంలో కుప్పపోసి పేల్చేశారు. జనం గోడలు దూకి మైదానం మీద పడ్డారు, నేల పాడైపోయి రెండో ఆట జరగనే లేదు. డిస్కో చచ్చిందని అమెరికా పేపర్లన్నీ రాశాయి. డిస్కోని నిలబెట్టింది నల్లవాళ్ళూ, లాటిన్ జనాలూ, స్వలింగ ప్రేమికులూ ఆడిన క్లబ్బులు కాబట్టి ఆ మంటలో పాటల మీద కోపం ఒక్కటే లేదని తర్వాత చాలామంది అన్నారు, నాకూ అదే సరైన మాట అనిపిస్తుంది. ఏదైతేనేం, అక్కడ పాడె కట్టిన ఏడాది లోపే ఇక్కడ 'కుర్బానీ' వచ్చింది. అమెరికా ఫ్యాషన్ని మనం కాపీ కొట్టామని మీ వ్యాసకర్త రాశారు. అప్పటికి అమెరికాలో అది ఫ్యాషనే కాదండీ బాబూ, డిస్కో అనిపించుకోవడానికే అక్కడి కంపెనీలు సిగ్గుపడుతున్నాయి.

ఇక్కడ క్లబ్బుల్లేవు, ఒకటీ అరా పెద్ద హోటళ్ళలో తప్ప. మరి జనం ఎక్కడ పట్టుకున్నారు? థియేటర్లో, తర్వాత పందిళ్ళలో మైకు సెట్ల మీద, ఆ తర్వాత క్యాసెట్ల మీద. గల్ఫ్ వెళ్ళినవాళ్ళు తెచ్చిన టూ-ఇన్-వన్‌లు (రేడియో, క్యాసెట్ ప్లేయరు కలిసినవి) సరిగ్గా అప్పుడే ఇళ్ళలోకి రావడం మొదలైంది. ఇందులో కలిసొచ్చిన కాలం ఉంది, కాదనను. అదృష్టం అనే మాట అక్కడ వాడండి, ఒప్పుకుంటాను.

1981లో నాజియా, తమ్ముడు జోహెబ్ కలిసి బిడ్డుతోనే 'డిస్కో దీవానే' ఆల్బమ్ చేశారు. సినిమా లేదు, హీరో లేడు, తెర మీద డాన్సు లేదు, ఉత్త పాటలే. సినిమాతో పనిలేకుండా పాటలు దేశమంతా అమ్ముడుపోగలవని తేల్చింది అదే. ఇది అదృష్టమే అయితే రెండోసారి అంత బుద్ధిగా ఎలా వచ్చినట్టో. ఆ మరుసటేడు అదే బృందం పాటలతో 'స్టార్' అని సినిమా వచ్చింది, బోల్తా కొట్టింది. పాటలు ఇప్పటికీ వింటారు, సినిమా చూసినవాళ్ళు నాకు ఇంతవరకూ తగల్లేదు.

నాజియా తర్వాత లా చదువుకుంది, ఐక్యరాజ్యసమితిలో పనిచేసింది, 2000 ఆగస్టులో లండన్‌లో ఊపిరితిత్తుల క్యాన్సర్‌తో పోయింది. ముప్పై ఐదేళ్ళే. 1995లో అలీషా చినాయ్ పాడిన 'మేడ్ ఇన్ ఇండియా' కూడా బిడ్డు చేసిందే, ముందు నాజియాని దృష్టిలో పెట్టుకునే చేశాడని అంటారు. మీ వ్యాసంలో ఆ పాట ఫొటో కూడా ఉంది, ఫొటో కింద కూడా బిడ్డు లేడు.

1982 చివర్లో 'డిస్కో డాన్సర్' వచ్చాక దాని సంగీత దర్శకుడు బప్పీ లహిరి పేరే డిస్కో అయిపోయింది. ఆయన్ని తక్కువ చెయ్యను, ఆయన చెవి వేరు, జనంతో ఆయన మాట్లాడిన తీరు వేరు. 1986లో 'సింహాసనం'తో తెలుగులోకి వచ్చినప్పుడు మా ఆర్కెస్ట్రాలన్నిటికీ పండగే. అయితే ఆ తర్వాత మన పాటల్లో డిస్కో అంటే మిలమిలలాడే చొక్కా, తిరిగే అద్దాల బంతి, "డిస్కో" అన్న మాట పల్లవిలో ఒకసారి రావడం, అంతవరకే మిగిలింది. కింద డ్రమ్ము పలచబడిపోయింది, బేస్ ఎక్కడో పక్క వీధిలో వాయిస్తున్నట్టు ఉండేది. అప్పుడప్పుడు ఎవరో ఒకరు సరిగ్గా పట్టుకునేవాళ్ళు, వెంటనే తెలిసిపోయేది, వేళ్ళు వాటంతటవే ఆడేవి.

ఈ మధ్య 'ఆప్ జైసా కోయి'ని మళ్ళీ చేశారు కూడా. దెబ్బ పెద్దదైంది. కానీ పాత రికార్డులో దెబ్బకీ దెబ్బకీ మధ్య ఖాళీ ఉంది, ఆ ఖాళీలోనే ఒళ్ళు ఊగేది. కొత్తవాళ్ళు ఆ ఖాళీలన్నీ ఏదో ఒకదానితో నింపేశారు. అంత డబ్బు పెట్టి కొన్నది ట్యూను, కొనాల్సింది అది కాదు.

అందుచేత నేను అడిగేది రెండు. ఒకటి, బిడ్డు పేరుతో సవరణ వెయ్యండి. రెండోది కాస్త పెద్ద పని. 1980ల్లో మద్రాసు స్టూడియోల్లో తెలుగు డిస్కో పాటలకి బేస్, డ్రమ్స్, కీబోర్డు వాయించినవాళ్ళు ఉన్నారు. క్యాసెట్ అట్టల మీద వాళ్ళ పేర్లు వెయ్యలేదు, సినిమా టైటిల్స్‌లో వెయ్యలేదు. మొదటిసారి రిథమ్ మెషీన్ (డ్రమ్ దెబ్బలు తానే వేసే యంత్రం) స్టూడియోకి వచ్చిన రోజు ఏమైందో, లైవ్ డ్రమ్మర్ పక్కన దాన్ని ఎలా కలిపారో, ఏ పాటకి ఎన్ని టేకులయ్యాయో వాళ్ళకే తెలుసు. కొందరు వెళ్ళిపోయారు, కొందరు ఇంకా ఉన్నారు, అడిగితే చెబుతారు. హీరోయిన్ ఫొటో ఎంత పెద్దది కావాలంటే అంత పెద్దది వేసుకోండి, పక్కన వాళ్ళ మాటలు కూడా వెయ్యండి. మీ విలేకరికి ఏం అడగాలో తెలియకపోతే ప్రశ్నలు నేను రాసి పంపుతాను, డబ్బులేం అక్కర్లేదు.

ఇట్లు,
ఒకప్పటి ఆర్కెస్ట్రా బేస్ గిటారిస్టు, మీ పాత పాఠకుడు